కరివేపచెట్టును సీతాకోకచిలుకయు

పెరటి కరివేపచెట్టునకు పురుగు పట్టినదని తెలిసినతోడనే మన గృహిణులు చేయు పని యొక్కటియే. రెమ్మను దులిపి, పురుగును కాలితో రాచివేసి, ఆకులపై బూడిద చల్లుదురు. ఆ మధ్యాహ్నమే నల్లని ఱెక్కలపై తెల్లని చుక్కలవరుస గల సీతాకోకచిలుక యొకటి యాచెట్టుచుట్టు దిరుగగా, ఆ యిల్లాలే కూతును బిలిచి, "అగో చూడు బిడ్డా, ఎంత మంచిగున్నదో!" యని చూపును. ఉదయమున తాను రాచివేసినదియు, మధ్యాహ్నమున తాను మెచ్చుకొన్నదియు ఒక్క ప్రాణియే యని యామె కెవ్వరును చెప్పియుండలేదు. నారాయణఖేడు ప్రాంతమున నేనీదృశ్యమును పలుమాఱులు చూచితిని. ఇది యాయూరివారి లోపము మాత్రము కాదు. తెలుగు మాటలాడు దేశమంతట నిట్లే యున్నది. ఈ యజ్ఞానమునకు మూలమేమి? దీనివలన మనకు కలుగు నష్టమేమి? ఈ రెండు ప్రశ్నలకు సమాధానము వెదకుటయే యీ వ్యాసముయొక్క యుద్దేశము.

నారాయణఖేడు పూర్వపు హైదరాబాదు సంస్థానమున బీదరు జిల్లాలోనిది; పిదప మెదకు జిల్లాలో నుండి, 2016వ సంవత్సరమున సంగారెడ్డి జిల్లాలో చేరినది. కన్నడ మరాఠీ సీమలకు చేరువ యగుటచే అచ్చటి యంగడివీథిలో పలుభాషలు వినవచ్చును. నల్లరేగడి కొంత, ఎఱ్ఱనేల కొంత. కంది, పత్తి, పెసర, మినుము, జొన్న అచ్చటి పైరులు. అచ్చటి రైతునకు ఎద్దులను కొమ్ములనుబట్టియు, జొన్నలను కంకినిబట్టియు, వానలను కార్తెనుబట్టియు వేఱువేఱుగ గుర్తెఱుగుట తెలియును. పైరునకు కీడు చేయు పురుగులకు ఆయన పేర్లు పెట్టుకొన్నాడు: గొంగళిపురుగు, లద్దెపురుగు, కాయతొలుచుపురుగు. కూడు పెట్టు పురుగునకును పేరు కలదు: గోదావరి ప్రక్కల మహదేవపురము, చెన్నూరు ప్రాంతపు టడవులలో మద్దిచెట్లపై బెరుగు దసలిపురుగు. మన కవులకును శలభ మొకటి కావలసివచ్చినది. అది దీపముపై బడి చచ్చుటకు మాత్రమే. ఇంతకు మించి మనము వానిని వేఱుపఱుపలేదు. తక్కినవన్నియు సీతాకోకచిలుకలే. సీతమ్మ కోకవంటి ఱెక్కలు గలవని చెప్పు నీమాట యెంత సొంపైనదైనను, వందలకొలది జాతుల కొక్కటియే పేరు చాలునా? ఊరివారి నందఱను "మనుష్యుడా" యని పిలిచినయెడల ఎవ్వరు పలుకుదురు?

మఱి మన పెరటి సీతాకోకచిలుకలకు వేఱువేఱు పేర్లు పెట్టినవారెవరు? స్వీడను దేశపు కార్ల్ లిన్నేయసు 1758వ సంవత్సరమున ప్రకటించిన 'సిస్టమా నాటురే' యను గ్రంథముయొక్క పదియవ కూర్పున జంతువుల కన్నిటికిని రెండుమాటల పేరు పెట్టు పద్ధతిని నెలకొల్పెను. అందు మొదటిమాట యింటిపేరువంటిది. రెండవది యాజాతికి మాత్రము చెల్లునది. వందలకొలది పేర్లు కావలసివచ్చుటచే నాయన గ్రీకుల ట్రాయియుద్ధకథ నాశ్రయించెను. పెద్దఱెక్కలు గల సీతాకోకచిలుకలలో ఱొమ్మున నెత్తుటిచుక్కలు గలవానిని ట్రాయివీరులనియు, అవి లేనివానిని గ్రీకువీరులనియు విభజించెను. అందుచే నల్లని ఱెక్కలును ఎఱ్ఱని మేనును గల మన సీతాకోకచిలుక యొకటి ట్రాయిరాజపుత్రుడగు హెక్టరు పేరు దాల్చినది. మన రామాయణభారతములలోని వీరుల పేర్లు పెట్టుటకు లిన్నేయసు వానిని చదివియుండలేదు. చదివిన మనము పెట్టలేదు.

లిన్నేయసు హిందూదేశమునకు వచ్చినవాడు కాడు. ఆయన కన్నులు ఆయన శిష్యులు. వారిలో నొకడు మన తెలుగునేలలోనే కన్నుమూసెను. ఆయన పేరు యోహాను గెరార్డు కోయెనిగ్. బాల్టికు సముద్రప్రాంతమున 1728లో జన్మించి, వైద్యము నేర్చి, లిన్నేయసు నొద్ద ప్రకృతిశాస్త్ర మభ్యసించి, 1768లో డేనులకు లోబడిన తరంగంబాడికి వైద్యుడుగా వచ్చెను. తరువాత ఆర్కాటు నవాబు కొలువున నుండి, 1778లో చెన్నపట్టణమున ఈస్టిండియా కంపెనీవారి ప్రకృతిశాస్త్రజ్ఞుడుగా నియమింపబడెను. మొక్కలను, పురుగులను సేకరించి యూరోపునకు పంపుటయే ఆయన జీవితము. 1784లో కలకత్తాకు పోవుచు విశాఖపట్టణమున పాట్రిక్కు రస్సెలు అను వైద్యుని కలిసికొనెను. మన పాములనుగూర్చి పిదప గ్రంథము వ్రాసిన రస్సెలు ఇతడే. అటుపిమ్మట కోయెనిగ్ జిగటవిరేచనముల పాలయ్యెను. సామర్లకోటనుండి విలియము రాక్సుబర్గు వచ్చి చికిత్స చేసెను గాని ఫలింపలేదు. 1785వ సంవత్సరము జూను 26వ తేదీన కాకినాడచెంత జగన్నాథపురమున నాయన మరణించెను.

ఈ మనుష్యుని మనము పూర్తిగ మఱచితిమి. అయినను ఆయన పేరు తెలుగువారి ప్రతి వంటయింటను ఉన్నది. మన కరివేపచెట్టునకు 1771లో లిన్నేయసు పెట్టిన పేరు 'బెర్గెరా కోయెనిగీ'. అనగా కోయెనిగ్ పేరిట బెట్టిన చెట్టు. నారాయణఖేడులో గృహిణి చారులో వేయు రెమ్మ జగన్నాథపురమున చనిపోయిన పరదేశీయుని పేరు మోయుచున్నది. ఆ రెమ్మపై పాకు పురుగే మన కథకు నాయకుడు.

కోయెనిగ్ పంపిన కీటకములు పెక్కు డేనుదేశపు ఫాబ్రీసియసు చేతికి జేరెను. ఇతడును లిన్నేయసు శిష్యుడే. ఇట్టివారి పద్ధతిలో గుణమును దోషమును రెండును కలవు. దేశదేశముల పురుగులను ఒక్క బల్లపై నుంచి పోల్చుటచే, ఎచ్చటివారైనను అర్థము చేసికొనదగిన పేర్లు ఏర్పడినవి. కాని బల్లపైకి వచ్చినవి చచ్చిన పురుగులు. అవి యే చెట్టుపై బుట్టెనో, ఏమి తినెనో, ఏది దేనికి జోడో ఆ ఱెక్కలు చెప్పజాలవు. ఇందుచే లిన్నేయసంతవాడు ఒక పెద్ద పొరపాటు చేసెను. నేను మొదట చెప్పిన కరివేపచెట్టు సీతాకోకచిలుకలలో మగవానికి నల్లని వెనుకఱెక్కలమీద తెల్లచుక్కల పట్టె యుండును. ఆడువానిలో కొన్ని మగవానివలెనే యుండును. కొన్నిటికి మాత్రము ఎఱ్ఱచుక్కలుండి వేఱు జాతివలె గానవచ్చును. లిన్నేయసు ఒకదానికి పామ్మను అనియు, ఇంకొకదానికి పాలిటెస్ అనియు రెండు పేర్లు పెట్టెను. భార్యాభర్తలను రెండు కులములవారినిగ వ్రాసినట్లయ్యెను! ఇవి రెండును ఒక్క జాతియే యని తరువాతివారు గ్రహించిరి. నేడు ఆ జాతికి పాలిటెస్ అను పేరే నిలిచియున్నది.

ఆడుది యీ వేషము వేయుట యెందులకు? దీనికిని మన పొలముగట్లమీదనే సమాధాన మున్నది. నల్లరేగడి చేలలో గాడిదగడపాకు అను చేదుమొక్క ప్రాకును. పైని జెప్పిన హెక్టరును, దాని దాయాది మఱియొకటియు, ఈ మొక్కను, దీని జాతికే చెందిన యీశ్వరితీగను తిని పెరుగును. ఆ దాయాదికి ఫాబ్రీసియసు 1775లో పేరు పెట్టుచు ఆ మొక్క పేరునే యిచ్చెను. ఆ యాకులలోని విషము వాని మేనిలో నిలిచియుండుటచే పక్షులు వానిని ముట్టవు. కరివేపాకు తిని పెరిగిన పాలిటెస్ మేన విషము లేదు. అయినను దాని యాడువానిలో కొన్ని యా విషపుజాతుల రూపు దాల్చి పక్షులను మోసపుచ్చును. ఆంగ్లేయుడగు బేట్సు 1862లో అమెజాను నదీప్రాంతపు సీతాకోకచిలుకలను జూచి యీవిధమైన వేషధారణను మొదట వివరించెను. వాలేసు 1865లో మలయద్వీపముల సీతాకోకచిలుకలనుగూర్చి వ్రాయుచు, ఆ వివరణము పాలిటెస్ యాడువానికిని చెల్లునని చూపెను. ఆ వేషమును నడపు జన్యువు ఏదియో 2014లో కృష్ణమేఘ్ కుంటే మొదలగు శాస్త్రజ్ఞులు కనిపెట్టిరి. రెండున్నర శతాబ్దముల యీ విచారమునకు ఆధారమైన ప్రాణి మన పెరటిలో రాచివేయబడుచున్న పురుగే యని చదువరులు గమనింతురు గాక.

లిన్నేయసు పొరపాటును తప్పించుకొనుటకు మార్గము లేకపోలేదు. అది యాయనకు పూర్వమే యొక స్త్రీ చూపిన మార్గము. మరియా సిబిల్లా మేరియను 1647లో జర్మనీదేశపు ఫ్రాంకుఫర్టున జన్మించెను. పదుమూడేండ్ల ప్రాయమున పట్టుపురుగులను పెంచి చూచుటతో ఆమె విద్య ప్రారంభమయ్యెను. విశ్వవిద్యాలయములు స్త్రీల కందని కాలమది. ఆమెకు వంటయిల్లును తోటయు పాఠశాలలు. గొంగళిపురుగును అది తిను ఆకుతోడ తెచ్చి, పెంచి, గూడు కట్టువఱకును ఱెక్కలు వచ్చువఱకును కాచియుండి, ఒక్కొక్కదాని జీవితమంతయు నొకే పటమున చిత్రించి, 1679లో మొదటి సంపుటమును ప్రకటించెను. పురుగులు బురదనుండి తమంతట పుట్టునని పండితులు సైతము నమ్మిన దినములలో, గ్రుడ్డునుండియే పుట్టునని యామె కన్నులార జూచి వ్రాసెను. ఏబదిరెండేండ్ల వయస్సున 1699లో కూతును వెంటబెట్టుకొని దక్షిణామెరికాలోని సురినామునకు ఓడనెక్కెను. ఆ దేశపు కీటకములపై నామె గ్రంథము 1705లో వెలువడినది. లిన్నేయసు సైతము ఆమె పటములను ప్రమాణముగ గ్రహించెను. ఆమె పద్ధతి సులభము: పేరు పెట్టుటకు ముందు పెంచి చూడుము. ఇది పరికరములతో బనిలేని పద్ధతి. ఇల్లు గలవారి పద్ధతి.

"సీతాకోకచిలుక పేరు తెలిసినందువలన కడుపు నిండునా?" యని యెవరైన నడుగవచ్చును. అడుగుట న్యాయమే. ఫాబ్రీసియసు 1775నాటి గ్రంథముననే మఱియొక పురుగునకును పేరు పెట్టెను. అది రాత్రి తిరుగు బూడిదవన్నె శలభము. దాని పిల్లయే మన రైతులు లద్దెపురుగని పిలుచునది. ఆ శాస్త్రనామము పుట్టిన రెండువందల యిరువదిరెండేండ్లకు, 1997–98లో, వరంగల్లు జిల్లా పత్తిచేలను ఆ పురుగు తినివేసినది. రైతులు మందుపై మందు చల్లిరి, పురుగు చావలేదు, అప్పు పెరిగినది, పలువురు ఆ మందే త్రాగి ప్రాణములు విడిచిరి. పురుగొక్కటియే యీ యనర్థమునకు మూలమనుట సత్యము కాదు. వానలు, వడ్డీలు, ధరలు, కల్తీలు కలసి చేసిన కీడది. కాని ఆ పురుగు జీవితమును ఎఱిగినవారికి దాని గుట్టు తెలియును. తల్లిశలభము ఆకు క్రింద గ్రుడ్లను గుంపుగా బెట్టి తన నూగుతో కప్పును. పిల్లలు కొన్నిదినము లాయాకుననే గుంపుగా నుండి దానిని జల్లెడవలె జేయును. అప్పుడు ఆ యాకును త్రుంచి నలిపివేసిన ఒక్క చేతితో వందల పురుగులు పోవును. పెరిగి చెదరిన తరువాత పగలు నేలలో దాగి రాత్రి తినునట్టిదానిని మందు చేరుట కష్టము. చేనిగట్టున ఆముదము నాటినచో శలభము దానిపై మక్కువతో గ్రుడ్లు పెట్టును; అచ్చట ఏరివేయుట సులభము. ఇది యంతయు జూచుటచేత వచ్చిన విద్య. కొనుటచేత వచ్చినది కాదు.

కాయతొలుచుపురుగు విషయమును ఇట్టిదే. 1987లో కోస్తా పత్తిచేలలో నది మేటి మందులను సైతము ఓర్చుకొనుట శాస్త్రజ్ఞులు గమనించిరి. నారాయణఖేడు రైతునకు కందికాయలలో కనబడునది యీ పురుగే. దానిపై పరిశోధనలు జరిపిన అంతర్జాతీయ మెట్టపంటల పరిశోధనాసంస్థ 1972లో స్థాపింపబడి ఆ జిల్లాలోనే పటాన్‌చెరువున నున్నది. కాని పరిశోధనాలయమునకును పొలమునకును నడుమ దూరము మైళ్లతో కొలుచునది కాదు, భాషతో కొలుచునది. ఆ దూరమును దాటినవారును లేకపోలేదు. నాటి ఖమ్మము జిల్లాలోని పునుకుల గ్రామమువారు పురుగుల గుట్టు నేర్చి, వేపగింజల కషాయము మొదలగువానితో సేద్యము చేసి, 2003లో తమ యూరు పురుగుమందులు లేనిదని ప్రకటించుకొనిరి. అందు స్త్రీల సంఘములు ముందు నిలిచినవి. తొలకరి వానల తరువాత వచ్చు ఎఱ్ఱగొంగళిపురుగు శలభములకొఱకు చేలగట్లపై రాత్రివేళ మంటలు వేయు పద్ధతియు తెలంగాణపు పల్లెలలో వ్యాపించినది. కవి దీపముపై బడిన శలభమును జూచి మోహమని నిట్టూర్చెను. రైతు అదే చూచి పైరును కాపాడుకొనెను. ఒక్క దృశ్యమునుండి ఇద్దఱు రెండు పాఠములు నేర్చిరి.

ఇట్టి జ్ఞానము పుస్తకములలో లేక కాదు. హాంప్సను 1892 మొదలు 1896 వఱకు హిందూదేశపు శలభములనుగూర్చి నాలుగు సంపుటములు వ్రాసెను. బింగ్‌హాము 1905, 1907 సంవత్సరములలో సీతాకోకచిలుకలపై రెండు సంపుటములు ప్రకటించెను. ఎవాన్సు అను సైన్యాధికారి వానిని గుర్తించు క్రమమును 1927లో ఒక చిన్న గ్రంథముగ గూర్చెను. విద్యాలయములో నుపాధ్యాయుడగు వింటరు బ్లైతు గ్రంథము 1957లో వెలువడినది. వీరిలో కొందఱు తోటలు చేయువారు, కొందఱు సిపాయిలు, కొందఱు బడిపంతుళ్లు. అనగా సెలవుదినములలో చూచి నేర్చినవారు. కాని యీ గ్రంథములన్నియు ఆంగ్లమున నున్నవి. మనలో కందుకూరి వీరేశలింగము పంతులుగారు జంతువులనుగూర్చి తెలుగున వ్రాసి దారి చూపిరి. 1906లో హైదరాబాదున కొమఱ్ఱాజు లక్ష్మణరావు పంతులుగారు మొదలగువారు స్థాపించిన విజ్ఞానచంద్రికామండలి, శాస్త్రము తెలుగున వ్రాయదగునని నిరూపించినది. వారు పరచిన బాటలో మనము పోదగినంత దూరము పోలేదు. మన బాలబాలికలు నేడును పుస్తకమున 'బటర్‌ఫ్లై' యని వల్లించి, పెరటిలో దానిని గుర్తింపలేకున్నారు.

గుర్తించుట కష్టమా? సీతాకోకచిలుకకు తలపైని మీసములు కొనయందు గుండువలె నుండును. శలభమునకు దువ్వెనవలెనో సన్నని దారమువలెనో యుండును. తఱచుగా మొదటిది పగలు తిరిగి, వ్రాలినప్పుడు ఱెక్కలను వీపుపై నిలువుగ జేర్చును. రెండవది రాత్రి తిరిగి, ఱెక్కలను ఇంటికప్పువలె వాల్చును. ఈ నియమములకు మినహాయింపులు కలవు గాని మొదటిమెట్టునకు ఇవి చాలును. రెండవమెట్టు చెట్టు నెఱుగుట. పురుగు తన చెట్టును విడువదు. బతుకమ్మ పండుగకు తంగేడుపూలు కోయు బాలికలు ఆకులపై సన్నని పచ్చపురుగును చూచినచో, అది పాలవన్నె ఱెక్కల వలసజాతి సీతాకోకచిలుకయగునని తెలిసికొనవచ్చును. జిల్లేడుపై నల్ల పసుపు తెలుపు చాఱల పురుగు నారింజవన్నె ఱెక్కలు దాల్చును. దాని పోలికగల చిత్రము మూడువేలయేండ్లనాటి ఐగుప్తు సమాధిగోడపై నున్నది. నిమ్మకును కరివేపకును తఱచుగా వచ్చునవి రెండు దాయాదులు.

నా విన్నపము చిన్నది. వర్షకాలమున మీ కరివేపచెట్టుపై పురుగు కనబడినప్పుడు పదింటిలో నొకదానిని బ్రతుకనిండు. వెడల్పు మూతిగల గాజుసీసాలో రెమ్మతోడ నుంచి, పలుచని గుడ్డ కట్టి, దినమునకొక్క క్రొత్త రెమ్మ వేయుడు. మొదట నది పక్షిరెట్టవలె నుండును. ఇది శత్రువులను మోసపుచ్చు మొదటి వేషము. తరువాత పచ్చనగును. తాకినచో తలవెనుకనుండి ఎఱ్ఱని కొమ్ములు చాచి ఘాటైన వాసన గొట్టును. భయపడనక్కఱలేదు, అది దానికున్న యాయుధము మాత్రమే. కొన్నాళ్లకు నడుమునకు దారము కట్టుకొని కొమ్మకు వ్రేలాడుచు మెదలకుండును. అప్పుడు చచ్చినదని పాఱవేయకుడు. ఇంచుమించు నెలదినములలో కథయంతయు ముగియును. దినదినము జూచినదానిని పిల్లలచేత తెలుగున వ్రాయింపుడు. మగదియో, ఆడుదియో, ఆడుదైనచో నే వేషమున వచ్చినదో గుర్తింపుడు.

లిన్నేయసు తన గ్రంథశాలలో తప్పిన లెక్కను నారాయణఖేడులోని యొక బాలిక పెరటిలో సరిచూచుకొనగలదు. తరువాత నామె కంది చేనికి పోయినప్పుడు, ఆకు క్రింది నూగుముద్దను చూచి యిది లద్దెపురుగు గ్రుడ్లని తండ్రికి చెప్పగలదు. ఆ మాటవలన ఆయేడు మందుల యప్పులో కొంత తగ్గవచ్చును. సీసాలోని ప్రాణి ఱెక్కలు విప్పిన దినమున గుడ్డ తీసి విడువుడు. అది మరల గ్రుడ్లు పెట్టుటకు మీ చెట్టునొద్దకే వచ్చును.